కొండలలో దాగిన సంఘము



మీ ఇంట పిల్లల భూగోళపటము ఉన్నయెడల దానిని తెచ్చి ఎదుట పరచుకొనుడి. గోధుమవన్నె పూసిన చోట్లన్నియు పర్వతములు. మన దేశమునకు ఉత్తరమున హిమాలయములు సుమారు 2,400 కిలోమీటర్ల పొడవున నిలిచియున్నవి. వాటిలో ఎవరెస్టు శిఖరము ఎత్తు 8,849 మీటర్లు. దక్షిణ అమెరికా పడమటి అంచువెంబడి ఆండీసు పర్వతములు సుమారు 7,000 కిలోమీటర్లు సాగుచున్నవి. నేలమీద అంతకంటె పొడవైన పర్వతపంక్తి లేదు. ఉత్తర అమెరికాలో రాకీ పర్వతములు కలవు. నల్ల సముద్రమునకును కాస్పియన్ సముద్రమునకును నడుమ కాకసస్ పర్వతములు, ఆఫ్రికాఖండపు వాయవ్యమూలను అట్లాసు పర్వతములు, రష్యాదేశములో యూరల్ పర్వతములు కలవు. ఇవన్నియు బడిలో మనము వల్లించినవే.

అయితే బడిలో చెప్పని సంగతి ఒకటి కలదు. తరుమబడిన జనులు ఏ దేశమందైనను మొదట కొండలవైపే చూచిరి. లెబానోను కొండలలో మారోనీయ క్రైస్తవులు తలదాచుకొనిరి. ఫ్రాన్సుదేశపు దక్షిణమున సెవెన్ కొండలలో హ్యూగెనాట్లు రాత్రివేళ రహస్యముగా కూడి ప్రార్థించిరి. బల్లెములు పట్టినవారు మైదానములో తొందరగా రాగలరు. కొండమీదికి ఊపిరి తీసుకొనుచు రావలెను. ఆ వ్యవధిలో తల్లి పిల్లను చంకనెత్తుకొని ఇంకొంచెము పైకి పోగలదు.

మనము 121వ కీర్తనను ప్రయాణమునకు ముందును, రోగి మంచమునొద్దను చదువుచుందుము. అనేకులు దానిని కొండలే సహాయము చేయునన్నట్టు చదువుదురు. నిదానముగా చూచినయెడల మొదటి వచనములో ఉన్నది జవాబు కాదు, ప్రశ్న. కీర్తనకారుడు కొండలను చూచుచున్నాడు. చూచుచు, సహాయము ఎక్కడినుండి అని అడుగుచున్నాడు. ఆ ప్రశ్నను వందల సంవత్సరములు నిజముగా అడుగుచు బ్రదికిన ఒక చిన్న సంఘముయొక్క కథను ఈ మాసము మీకు చెప్పదలచితిని. ఇందుకొరకు పటములో ఐరోపాఖండమునకు రండి.

ఆల్ప్సు పర్వతములు మధ్యధరా సముద్రతీరమున నీసు పట్టణము సమీపమున మొదలై, ఉత్తరమునకు పోయి, తూర్పునకు వంగి, ఆస్ట్రియాలో వియన్నా పట్టణము దాపున ముగియును. పొడవు సుమారు 1,200 కిలోమీటర్లు. ఎనిమిది దేశములు వాటిని పంచుకొనియున్నవి. ఈ పంక్తిలో ఫ్రాన్సునకును ఇటలీకిని సరిహద్దయిన ఒక భాగమునకు కొట్టియన్ ఆల్ప్సు అని పేరు. అగస్తు కైసరు కాలమున అక్కడ ఏలిన కొట్టియస్ అను చిన్న రాజును బట్టి ఆ పేరు వచ్చెను. దానిలో ఎత్తైన శిఖరము మోంటే వీసో, 3,841 మీటర్లు. ఇటలీలోని గొప్ప నదియైన పో ఆ శిఖరముయొక్క పాదమున పుట్టుచున్నది.

ఈ కొండలకు ఒక విశేషము కలదు. ఫ్రాన్సు వైపున అవి మెల్లమెల్లగా దిగును. ఇటలీ వైపున అట్లు కాదు. మంచు శిఖరమునకును మైదానమునకును నడుమ దూరము చాల తక్కువ, గోడ కూలినట్టు దిగును. ఆ గోడలో నెఱియలవలె కొన్ని లోయలు కలవు: పెల్లిచే, కిసోనె, జెర్మనాస్కా, ఆంగ్రోన్యా. లోయ నోరు ఇరుకు, లోపల కొంత వెడల్పు, దాని వెనుక మరల ఇరుకు. దిగువను చెస్ట్‌నట్ చెట్లు, వాటిపైని రై పైరు, అంతకుపైని వేసవిలో పసులు మేయు గడ్డి, ఆపైన రాయి, మంచు. నలుగురు మనుష్యులు నిలిచి వందమందిని ఆపగల చోట్లు ఆ త్రోవలలో ఎన్నియో కలవు. రాజధానియైన టూరిన్ పట్టణము అక్కడికి సుమారు 50 కిలోమీటర్లే. అనగా రాజు కోపించిన రెండు మూడు దినములకే సేన వచ్చి వాలగలదు. ఈ రెండు సంగతులను జ్ఞాపకముంచుకొనుడి.

ఈ లోయలలో కాపురమున్నవారు వాల్దెన్సీయులు. వీరి సంఘమునకు మొదలు కొండలలో కాదు, ఫ్రాన్సులోని లియోన్ అను వర్తకపు పట్టణములో. అక్కడ వాల్డో అను ధనికుడైన వర్తకుడుండెను. సుమారు 1173వ సంవత్సరమున అతడు మనస్సు మారి, ఆస్తిని బీదలకు పంచిపెట్టి, సువార్తలను జనుల భాషలోనికి తర్జుమా చేయించి, వీధులలో ప్రకటింప మొదలుపెట్టెను. అతనితో కూడినవారిని 'లియోను బీదలు' అనిరి. వారు 1179లో రోమునకు పోయి పోపుగారి అనుమతి వేడుకొనిరి. బీదతనమునకు ఆయన మెచ్చుకొనెను. స్థానిక గురువుల సెలవు లేక ప్రకటింపరాదనెను. సెలవు దొరకలేదు, ప్రకటన మానలేదు. 1184లో వారిని వెలివేసిరి. 1215లో లాతరను మహాసభ వారిని మతద్రోహులుగా నిర్ణయించెను. వెలివేయబడినవారు చెదరిపోయి, కొందరు ఈ కొట్టియన్ లోయలను చేరిరి.

ఇచ్చట ఒక మాట. ఈ సంఘము అపొస్తలుల కాలమునుండియే ఆ కొండలలో నున్నదని పూర్వము అనేక పుస్తకములలో వ్రాసిరి. మన ప్రసంగములలోను విన్నాము. చరిత్రకు ఆధారము వాల్డోతోనే మొదలగుచున్నది. లియోను వీధులలో నిలిచి సువార్త చెప్పిన వర్తకుని మూలపురుషునిగా కలిగియుండుట సిగ్గుపడవలసిన సంగతి కాదుగదా? సంఘము వయస్సును పెంచి చెప్పుకొనుట మనకున్న పాత బలహీనత.

వారి బోధకులను 'బార్బా' అని పిలిచిరి. ఆ కొండభాషలో దానికి చిన్నాన్నయని, మామయని అర్థము. చుట్టునున్న లోకమంతయు గురువును తండ్రీయని పిలుచుచుండగా, వీరు చిన్నాన్నా అని పిలిచిరి. తండ్రి పరలోకమందు ఒక్కడే యున్నాడని వారి భావము. ఈ చిన్నాన్నలు ఇద్దరిద్దరుగా, ఒక పెద్దవాడును ఒక పడుచువాడును కలిసి నడిచిరి. సూదులు, దారము, చిన్నచిన్న సరకులు మోసుకొని వర్తకులవలె బయలుదేరి, ఇండ్లలో నమ్మకము కుదిరిన తరువాత సువార్తను నోటితో అప్పగించుచుండిరి. చేతివ్రాత పుస్తకము దొరికిన ప్రాణముపోవును గనుక గ్రంథములను కంఠస్థము చేసిరి. ఆంగ్రోన్యా లోయ చివర ప్రా దెల్ తోర్నో అను చోట రాతి యింటిలో వారి పాఠశాల యుండెనని ఆ లోయవారు నేటికిని చూపుదురు. అక్కడినుండి ఇటలీ దక్షిణపు కొననున్న కలాబ్రియా వరకు వారు కాలినడకను పోవుచుండిరి. కొండ వారికి పడకగది మాత్రమే. పొలము లోకమంత పెద్దది. ఈ సంగతిని మరల ఎత్తవలసియున్నది.

1532వ సంవత్సరము సెప్టెంబరులో ఆంగ్రోన్యాలోని షాన్‌ఫొరాన్ అను చోట వారు సభ కూడిరి. స్విట్జర్లాండునుండి సంస్కర్తయైన ఫారెల్ గుఱ్ఱమెక్కి వచ్చెను. ఆ సభలో వారు సంస్కరణ సంఘములతో ఏకమగుటకును, బైబిలును మూలభాషలనుండి ఫ్రెంచి భాషలోనికి తర్జుమా చేయించుటకును తీర్మానించిరి. తర్జుమా పని ఒలివెతాన్ అనువాడు చేసెను. ఇతడు కాల్విన్ గారికి బంధువు. ఆ బైబిలు 1535లో న్యూషాటెల్ దగ్గర అచ్చుపడెను. కాల్విన్ దానికి ముందుమాట వ్రాసెను. అచ్చు ఖర్చునకు ద్రవ్యమిచ్చినది ఈ కొండవారే. చెస్ట్‌నట్ కాయలు ఎండబెట్టి చలికాలము గడుపుకొను జనులు, మైదానములోని ఫ్రెంచి ప్రజలకు బైబిలు కొనియిచ్చిరి! పెద్ద గ్రంథముల ముఖపత్రములమీద రాజుల పేర్లు చూచియుందుము. దీని వెనుక గొఱ్ఱెల కాపరులున్నారు.

అక్కడినుండి దాగి బ్రదుకుట మానిరి. దేవాలయములు కట్టిరి, బహిరంగముగా కీర్తనలు పాడిరి. అందుచేత కత్తియు వచ్చెను. 1561లో కలాబ్రియాలోని వారి సహోదరుల గ్రామములను నిర్మూలము చేసిరి. అక్కడ కాచుటకు కొండల కోట లేకపోయెను. అదే సంవత్సరము జూనులో పీడ్‌మాంటు లోయలవారితో సవాయ్ డ్యూకు కావూరు అను చోట సంధి చేసికొనెను. సేనతో జయింపలేక ఒప్పుకొనిన సంధి అది. వాల్దెన్సీయులు తమ ఆరాధన చేసికొనవచ్చును, అయితే కొండలలో ఫలాని గ్రామములవరకే. ఆ హద్దులు దాటి క్రిందికి రాకూడదు.

ప్రభుత్వము ఒక సంఘమునకు సహనము చూపుట ఆ కాలమున ఐరోపాలో అరుదు. గనుక దానిని గొప్ప జయమని వ్రాసిన చరిత్రకారులున్నారు. నేనును చిరకాలము అట్లే అనుకొంటిని. ఇప్పుడు వేరుగా తోచుచున్నది. ఆ దినమున కొండ ఆశ్రయమునుండి దొడ్డిగా మారెను.

1655వ సంవత్సరము జనవరిలో ఆ దొడ్డి హద్దులను బిగించిరి. దిగువ గ్రామములలో కాపురమున్న వాల్దెన్సీయులు మతము మార్చుకొనవలెను, లేనియెడల మూడు దినములలో ఇల్లు విడిచి పైలోయలకు పోవలెనని ఆజ్ఞ వచ్చెను. ఆల్ప్సు కొండలలో జనవరి అనగా ఏమో మనకు ఊహకందదు. ముసలివారిని, చంటిబిడ్డలను ఎత్తుకొని మంచులో పైకి నడిచిరి. మతము మార్చుకొనినవారు బహు కొద్దిమంది. ఏప్రిలులో పియానెజ్జా ప్రభువు సేనతో వచ్చి, కొంత పోరాటమైన తరువాత, మంచిమాటలు పలికి, సైనికులను రెండు దినములపాటు ఇండ్లలో బస చేయనిమ్మని అడిగెను. పెద్దలు నమ్మి తలుపులు తీసిరి. ఏప్రిలు 24వ తేదీ తెల్లవారుజామున ఆ సైనికులు తాము పండుకొనిన ఇండ్లవారినే చంపసాగిరి. చచ్చినవారు వెయ్యికి మించియున్నారు. దానిని 'పీడ్‌మాంటు ఈస్టరు' అని పిలుతురు. పునరుత్థాన దినములలోనే అది జరిగెను. జరిగిన ఘోరములను జాన్ లేజే అను వారి కాపరి తరువాత పెద్ద గ్రంథముగా వ్రాసి 1669లో హాలండులో అచ్చువేయించెను. వాటిని ఈ పత్రికలో ఎత్తి వ్రాయుటకు నాకు మనసొప్పలేదు. దీనిని పిల్లలును చదువుదురు.

ఇచ్చట కొండల లోపమేమో చూచితిరా? గోడ బలమైనదే, ద్వారము లోపలినుండి తీయబడెను. వందమందిని ఆపగల ఇరుకు త్రోవలు ఒక అబద్ధపు మాటను ఆపలేకపోయినవి.

ఆ వార్త ఐరోపాయంతట పాకెను. ఇంగ్లాండును ఏలుచున్న క్రామ్వెల్ ఉపవాస దినము ప్రకటించి, సంఘములలో చందా ఎత్తించెను. 38,000 పౌనులు పోగైనవి, ఆ కాలమునకు అది అపారమైన సొమ్ము. రాజులకు వ్రాసిన జాబులను లాటిన్ భాషలో కూర్చినవాడు అతని కార్యదర్శియు గ్రుడ్డివాడునైన కవి మిల్టన్. ఆ హతసాక్షులను గూర్చి అతడు వ్రాసిన పద్యము ఇంగ్లీషు చదివినవారందరికి తెలిసినదే. శామ్యూలు మోర్లాండు అను రాయబారి టూరిన్ పోయి డ్యూకు నెదుట మొఱపెట్టెను. రోరా అను గ్రామమున జానవెల్ అను సేద్యగాడు కొద్దిమంది మనుష్యులతో సేనను పలుమార్లు వెనుకకు త్రిప్పెను. ఆగష్టులో సంధి కుదిరెను. జానవెల్‌నకు మాత్రము దేశములో చోటు లేకపోయెను. చివరకు జెనీవాలో పరదేశిగా బ్రదికెను.

ముప్పది సంవత్సరములు గడచెను. ఫ్రాన్సు రాజైన పద్నాలుగవ లూయీ 1685లో తన దేశములో ప్రొటెస్టెంటులకున్న హక్కులను రద్దుచేసి, ప్రక్కనున్న సవాయ్ డ్యూకును కూడ అట్లే చేయుమని ఒత్తిడిచేసెను. 1686 జనవరి 31న ఆజ్ఞ వెలువడెను: ఆరాధన మానవలెను, దేవాలయములు పడగొట్టవలెను. లోయవారు చీలిపోయిరి, పోదమనినవారు కొందరు, పోరుదమనినవారు కొందరు. వసంతకాలమున రెండు రాజ్యముల సేనలు రెండు వైపులనుండి కొండలెక్కెను. శతాబ్దములుగా కాచిన ఆ కొండలు ఈసారి కొన్ని దినములు మాత్రమే నిలిచెను. రెండు వేలమందికి పైగా చచ్చిరి. ఎనిమిది వేలకు పైబడి చెరసాలలలో పడిరి. ఆ చెరసాలలలో తెగుళ్లు వచ్చి సగముకంటె ఎక్కువమంది మడిసిరి. మిగిలినవారిని 1687 మొదటి నెలలలో, నడి చలికాలమున, ఆల్ప్సు దాటించి జెనీవాకు తోలిరి. ఒక గుంపు మోన్ సెనిస్ కనుమలో మంచుతుఫానులో చిక్కుకొని అనేకులు దారిప్రక్కనే రాలిపోయిరి. జెనీవా జనులు ఊరిబయటికి ఎదురువచ్చి, నడువలేనివారిని చేతులమీద ఎత్తుకొని ఇండ్లకు తీసికొనిపోయిరి. లోయలు ఖాళీ. వాల్దెన్సీయుల ఇండ్లలో వేరే ఊళ్లనుండి తెచ్చిన కాపురస్థులను దింపిరి.

కథ ఇంతటితో ముగిసినదని టూరిన్‌లోను పారిసులోను తలంచిరి.

1689 ఆగష్టు మాసమున ఒక రాత్రి, సుమారు 900 మంది వాల్దెన్సీయులును వారి ఫ్రెంచి స్నేహితులును జెనీవా సరస్సు ఒడ్డున ప్రాంజాన్ అను చోట అడవిలో చేరి, పడవలమీద ఆవలికి దాటిరి. వారి నాయకుడు ఆన్రీ ఆర్నో అను కాపరి. ముసలి జానవెల్ నడువలేడు గనుక త్రోవలను గూర్చియు, ప్రార్థన మానవద్దనియు, సేనను ఎట్లు నడుపవలెననియు ఉపదేశములు వ్రాసి యిచ్చెను. వారు ఊళ్లు తప్పించి కనుమలవెంట, మంచు నేలమీదుగా, సుమారు 200 కిలోమీటర్లు రెండు వారములలో నడిచిరి. సాల్‌బెర్‌ట్రాన్ దగ్గర వంతెనను ఫ్రెంచి సేన కాచియుండగా చీకటిలో దానిమీద పడి దాటిరి. జెర్మనాస్కా లోయలో ప్రాలి గ్రామము చేరినప్పుడు, తమ దేవాలయము ఇంకను నిలిచియున్నట్లు కనుగొనిరి. జనము లోపల పట్టలేదు. ఆర్నో గుమ్మమున బల్లమీద నిలిచి, లోపలివారికిని బయటివారికిని వినబడునట్లు 129వ కీర్తనమీద ప్రసంగించెను. బాల్యమునుండి శ్రమపెట్టబడియు జయింపబడని ఇశ్రాయేలును గూర్చిన కీర్తన అది.

ఇచ్చట నా కలము కొంచెము ఆగుచున్నది. సంఘమునకు కాపరియైనవాడు ఖడ్గము కట్టుకొని సేనను నడుపవచ్చునా? పేతురుతో ప్రభువు కత్తిని ఒరలో పెట్టుమనెను గదా? మొదటి బార్బాలు ప్రమాణము చేయుటయు, రక్తము చిందించుటయు కూడదని బోధించిరి; వారి మునిమనుమలు తుపాకి పట్టిరి. చెరపట్టినవారిని కాయుటకు మనుష్యులు చాలక వారిని చంపినట్లు వారి సొంత వృత్తాంతమే ఒప్పుకొనుచున్నది. దానిని చదివినప్పుడు ఆ ప్రయాణమునకు 'మహిమగల తిరుగుప్రయాణము' అని వారు పెట్టుకొనిన పేరు నాకు గొంతులో అడ్డుపడును. అయితే నేను చెస్ట్‌నట్ చెట్టు క్రింద పుట్టి, ఆ చెట్టు క్రిందనే తండ్రిని పాతిపెట్టి, మంచులో తరుమబడినవాడను కాను. బెంచీమీద కూర్చుండి ఆర్నోకు తీర్పు చెప్పుట సులభము. నేను అతని తప్పును ఒప్పనను; అతనిమీద రాయియు వేయను.

చలికాలమునకు వారు జెర్మనాస్కా లోయ మొదట బల్సీల్యా అను రాతికొమ్మును ఆశ్రయించిరి. దాదాపు 370 మంది మిగిలియుండిరి. ఆ కొమ్ము మెట్లుమెట్లుగా లేచిన కొండ. మూడు వైపుల జారుడు. తినుటకేమి? తరుమబడినవారి ఇండ్లలో దిగిన క్రొత్త కాపురస్థులు వారి రాకకు భయపడి, కోయని రై పైరును పొలములలోనే విడిచి పారిపోయిరి. దానిమీద మంచు పడెను. మంచు క్రింద ధాన్యము చెడలేదు. నడి చలికాలమున ఆ మనుష్యులు మంచును త్రవ్వి పంట కోసికొని రొట్టె చేసికొనిరి. ఆర్నో దీనిని మన్నాతో పోల్చదగిన సంగతిగా ఎంచెను. పైరు విత్తినది శత్రువు, దాచినది మంచు, తినినది వీరు. నాకు ఈ కథ అంతటిలో ఇష్టమైన చోటు ఇదియే. తుపాకి చప్పుడు లేని చోటు గనుకనేమో.

1690 మే నెలలో ఫ్రెంచి సేన వేలకొలదిగా వచ్చెను. మొదటి దండెత్తు విఫలమాయెను. రెండవమారు ఫిరంగులను కొండమీదికి లాగి, రాతిగోడలను పగలంతయు కూల్చిరి. తెల్లవారిన పట్టుబడుట నిశ్చయము. ఆ రాత్రి లోయనుండి దట్టమైన పొగమంచు లేచి శిబిరముల మంటలను కప్పివేసెను. త్రోన్ పులా అను వాడు ఆ ఊరివాడే; పిల్లవాడుగా మేకలను కాచిన రాళ్లు అతనికి తెలియును. చెప్పులు విప్పి, ఒకని వెనుక ఒకడు, చేతులతో నేలను తడవుకొనుచు, కావలివారి చెంతనే గండిలో దిగి అందరు తప్పించుకొనిరి. కొన్ని దినములకే సవాయ్ డ్యూకు ఫ్రాన్సు రాజుతో తగవుపడి, అతని శత్రువులతో కలిసి, ఈ వాల్దెన్సీయులను స్నేహితులారా అని పిలిచి లోయలను తిరిగి యిచ్చెను.

కొండ కాచినదా? ఆ రాత్రి కాచినది రాయి కాదు, ఆవిరి. ఉదయమునకు కరగిపోవు ఆవిరి. ఆ తరువాత కాచినది ఇద్దరు రాజుల తగవు. 1686లోను కొండ అదే, 1690లోను కొండ అదే.

ఆర్నోకు ఏమి దొరకెనని మీరు అడుగవచ్చును. డ్యూకు మరల ఫ్రాన్సుతో పొత్తుచేసికొని, ఫ్రాన్సుదేశమున పుట్టిన ప్రొటెస్టెంటులందరు దేశము విడువవలెనని 1698లో ఆజ్ఞాపించెను. సుమారు 3,000 మంది పోయిరి. ఆర్నో పుట్టుకచేత లోయవాడు కాడు, అతడును పోయెను. తిరుగుప్రయాణము నడిపినవాడు తిరిగిరాలేదు. జర్మనీలోని వుర్టెంబర్గులో, షోనెన్‌బర్గు అను ఊరిలో, అడవి కొట్టి ఇండ్లు కట్టుకొనిన పరదేశులకు కాపరిగా నుండి 1721లో మరణించెను.

లోయలలో మిగిలినవారిని మరల ఆ 1561 నాటి హద్దులలోనే ఉంచిరి. ఆ హద్దుల బయట భూమి కొనరాదు, చదువుకొని ఉద్యోగములు చేయరాదు. చంపుట మానిరి, మూతపెట్టిరి. దీనికితోడు భాష ఒకటి గోడగా లేచెను. 1630లో వచ్చిన తెగులులో వారి కాపరులలో చాలమంది చనిపోగా, జెనీవానుండి ఫ్రెంచి మాటలాడు కాపరులు వచ్చిరి. ఆరాధన ఫ్రెంచిలో స్థిరపడెను. ఇరువది మైళ్ల దూరములో నున్న ఇటలీవాడు గుమ్మమున నిలిచి వినినను ఒక్క మాట తెలియదు. ఒకప్పుడు సూదుల మూట భుజాన వేసికొని కలాబ్రియా వరకు నడిచిన చిన్నాన్నల సంతతివారు రెండు వందల ఏండ్లు తమ కొండ దిగలేదు. వారి ముద్రలో మండుచున్న దీపమును చుట్టును నక్షత్రములును ఉన్నవి; చీకటిలో ప్రకాశించు వెలుగును గూర్చిన మాట దానిపై చెక్కియున్నది. దీపమును కుంచము క్రింద పెట్టినది శత్రువు. కాని ఆ కుంచము క్రింద వెచ్చగా నున్నదని దీపమునకును అలవాటగును. మనలో పెద్ద గోడల కాంపౌండులలో పెరిగినవారికి ఈ మాట తెలియును.

వాటర్లూ యుద్ధములో కాలు పోగొట్టుకొనిన బెక్విత్ అను ఇంగ్లీషు సేనాధిపతి 1827లో ఆ లోయలకు వచ్చి, అక్కడనే నిలిచి, పల్లెపల్లెకు రాతితో చిన్న బడులు కట్టించెను. వాటి సంఖ్య నూటికి మించినది. మేడమెట్లు ఎక్కుటకే కష్టపడు కొయ్యకాలి మనుష్యుడు ఆ కొండ త్రోవలన్నియు తిరిగెను. కాపరులకు అతడు ఒకటే పట్టుపట్టి చెప్పెను: ఇటలీ భాష నేర్చుకొనుడి, క్రిందికి దిగవలసిన దినము వచ్చును. కొందరిని అందుకొరకే ఫ్లారెన్సు పంపెను.

ఆ దినము 1848 ఫిబ్రవరి 17. చార్లెస్ ఆల్బర్టు రాజు వారికి తక్కిన ప్రజలతో సమానమైన హక్కులనిచ్చుచు పత్రము సంతకము చేసెను. వార్త లోయలకు అందగానే కొండకొమ్ములమీద మంటలు వేసిరి. ఒక లోయలో మంట చూచి ప్రక్కలోయలో వేసిరి. గతములో మంటలు శత్రువు వచ్చుచున్నాడనుటకు గుర్తు. ఆ రాత్రి గుర్తు మారెను. అయిదు సంవత్సరములకు, 1853లో, టూరిన్ నడిబొడ్డున వారి దేవాలయము తెరువబడెను. 1855లో వేదపాఠశాల తొర్రే పెల్లిచేలో ఆరంభమై, 1860లో ఫ్లారెన్సుకును, 1922లో రోమునకును దిగిపోయెను. పటములో వ్రేలితో గీత గీచి చూడుడి: పాఠశాల కొండనుండి పోపుగారి పట్టణమువరకు నడిచినది. బార్బాలు చూచియుండిన నవ్వియుందురు.

1975లో వారు ఇటలీలోని మెథడిస్టులతో ఏకమైరి. 2015 జూన్ 22న పోపు ఫ్రాన్సిసుగారు టూరిన్‌లోని ఆ దేవాలయములోనికి వచ్చి, తమ సంఘము వాల్దెన్సీయులకు చేసిన క్రైస్తవ్యమునకు తగని, మనుష్యత్వమునకును తగని కార్యములకొరకు క్షమాపణ వేడిరి. వాల్దెన్సీయుల దేవాలయములో ఒక పోపు అడుగుపెట్టుట అదే మొదటిసారి. ఆ సంవత్సరము వారి సభ కృతజ్ఞతతో జవాబు వ్రాసెను; అయితే చచ్చినవారి పక్షమున క్షమించుటకు తమకు అధికారము లేదని కూడ వినయముగా చెప్పెను. ఆ జవాబును నేను చాల దినములు ఆలోచించితిని. క్షమించుట తెలియనివారు వ్రాసిన జవాబు కాదు అది. తమ మృతులను మరువనివారు వ్రాసిన జవాబు.

ఇక పటములో చివరి చోటు చూపెదను. కొండలలో నేల చాలక, కడుపు నిండక, 1856 మొదలుకొని వాల్దెన్సీయ కుటుంబములు కొన్ని ఓడలెక్కి దక్షిణ అమెరికాకు పోయినవి. ఉరుగ్వే దేశములో, ప్లాటా నది సముద్రమువలె వెడల్పయిన చోట, వారు 1858లో కొలోనియా వాల్దెన్సె అను ఊరు కట్టుకొనిరి. అది గోధుమలును గడ్డియు పెరుగు చదునైన నేల. ఎటు చూచినను ఆకాశము నేలను తాకుచున్నది. కన్నులెత్తి చూచుటకు ఒక్క కొండయైనను లేదు. అక్కడ ఫిబ్రవరి నడి వేసవి. ప్రతి సంవత్సరము ఆ 17వ తేదీకి ఆ ఊరివారు మైదానములో కట్టెలు పేర్చి మంట వేసి, చుట్టు నిలిచి పాడుదురు.